రువాండా టూర్‌లో జాతిహనన స్మారకాలు: ఎలా వెళ్లాలి, అక్కడ ఎలా మెలగాలి

మీరు అడిగింది క్లుప్తంగా ఇదీ: గొరిల్లాలు చూడ్డానికి పద్నాలుగు మంది గ్రూపుతో రువాండా వెళ్తున్నారు. మార్చి 27 శుక్రవారం కిగాలీలో దిగి ఏప్రిల్ 8న తిరుగు ప్రయాణం. ప్యాకేజీలో 1994 జాతిహననంలో చనిపోయినవాళ్ల స్మారకాలు, కిగాలీ జెనోసైడ్ మెమోరియల్, న్యామాటా చర్చి కూడా ఉన్నాయి. ఇలాంటి చోటికి వెళ్లడం ఇదే మొదటిసారి. ఏం వేసుకోవాలి, ఫొటోలు తీయొచ్చా, గైడ్‌ని ఏమేం అడగొచ్చు, పదకొండేళ్ల పాపని వెంట తీసుకెళ్లొచ్చా?

ఆఖరి ప్రశ్నతో మొదలుపెడతాను, ఎందుకంటే దాన్నిబట్టి మీ ప్లాన్ మారుతుంది. పాపని న్యామాటాకి తీసుకెళ్లకండి. కిగాలీ మెమోరియల్‌కి తీసుకెళ్లొచ్చు గానీ తోటలు, పేర్ల గోడ, సమాధుల దాకానే. లోపల పిల్లల కోసం కేటాయించిన గదులున్నాయి. పిల్లల గది అంటే పిల్లలు చూడ్డానికి అనుకుని చేయి పట్టుకుని తీసుకెళ్లినవాళ్లని నేను చూశాను. చనిపోయిన పిల్లల పెద్ద పెద్ద ఫొటోలు అవి. ఒక్కో ఫొటో కింద పలక మీద పేరు, వయసు, ఇష్టమైన తిండి, ఇష్టమైన ఆట, చివరికి ఎలా చంపారో రాసి ఉంటుంది. పెద్దవాళ్లే ఆ గదిలో రెండు నిమిషాలు నిలబడలేరు. పోలండ్‌లో ఆష్విట్జ్ మ్యూజియం వాళ్లు పద్నాలుగేళ్లలోపు పిల్లల్ని తీసుకురావద్దని సలహా ఇస్తారు. నేను కిగాలీలోనూ అదే లెక్క పాటిస్తాను. మీరిద్దరూ వంతులేసుకుని ఒకరు పాపతో తోటలో ఉండండి. అక్కడ చిన్న కాఫీ షాపు కూడా ఉంది.

నా సంగతి రెండు ముక్కల్లో. ఉద్యోగరీత్యా కిగాలీలో తొమ్మిదేళ్లు ఉన్నాను. మొదట్లో ఇంటికొచ్చిన చుట్టాల్ని ఈ చోట్లకి తీసుకెళ్లేదాన్ని, తర్వాత మనవాళ్ల గ్రూపులొస్తే తోడు వెళ్లేదాన్ని. కింద చెప్పేదాంట్లో సగం నేను చేసిన తప్పుల్లోంచి వచ్చిందే.

ముందు ఒక మాట మనసులో పెట్టుకోండి. మనకి పరామర్శకి వెళ్లడం తెలుసు. మనిషి పోయిన ఇంట్లో ఎలా ఉండాలో ఎవరూ కూర్చోబెట్టి నేర్పరు. గడప దగ్గరే గొంతు తగ్గుతుంది. ఇంటివాళ్లు చెప్తే వింటాం, చెప్పకపోతే గుచ్చి గుచ్చి అడగం. లేచేటప్పుడు "వెళ్లొస్తాం" అని కూడా అనం. అదే మనుషులం టూర్ బస్సు దిగేసరికి ఇదంతా మర్చిపోతాం. డబ్బు కట్టాం కాబట్టి చూడాల్సిందంతా చూసెయ్యాలనిపిస్తుంది. బోర్డు మీద ఏం రాసున్నా ఇవి శ్మశానాలు. కిగాలీ మెమోరియల్ ఉన్న గిసోజీ కొండ మీద రెండున్నర లక్షల మందికి పైగా సమాధి అయ్యారు. ఇళ్ల పునాదులు తవ్వుతుంటే, పొలాలు దున్నుతుంటే ఇప్పటికీ ఎక్కడో ఒకచోట ఎముకలు బయటపడుతూనే ఉన్నాయి, వాటిని తెచ్చి సమాధి చేస్తూనే ఉన్నారు. కాబట్టి ఏదైనా చేయొచ్చో లేదో అనుమానమొస్తే, పరామర్శకి వెళ్లిన ఇంట్లో అలా చేస్తానా అని అడిగి చూసుకోండి. నేను చెప్పబోయే వాటిలో చాలావరకు మీకే తట్టేస్తాయి.

కాస్త చరిత్ర తెలుసుకుని వెళ్లండి. అక్కడికెళ్లి గైడ్‌ని "అసలు గొడవేంటి" అని మొదటినుంచీ అడిగితే ఆయన చెప్తాడు, కానీ మనం పలకరింపుకొచ్చి ఇంతకీ పోయిందెవరు అని అడిగినట్టుంటుంది. కనీసం ఇంత గుర్తుపెట్టుకోండి. 1930ల్లో బెల్జియం పాలకులు జనానికి గుర్తింపు కార్డులిచ్చి వాటి మీద హుటు, టుట్సీ, ట్వా అని వర్గం పేరు రాయించారు. అందరిదీ ఒకే భాష, ఒకే నేల, ఒకే మతం, పక్కపక్క ఇళ్లు. అయినా కార్డు మీద మాట మాత్రం తండ్రినుంచి పిల్లలకి వచ్చేది. 1959 నుంచి టుట్సీల మీద విడతలు విడతలుగా దాడులు జరిగాయి, లక్షల మంది పక్క దేశాలకి పారిపోయారు. 1990లో ఆ శరణార్థుల సైన్యం ఆర్‌పీఎఫ్ తిరిగి రావడంతో యుద్ధం మొదలైంది. 1994 ఏప్రిల్ 6 రాత్రి అధ్యక్షుడు హబ్యారిమానా విమానాన్ని కూల్చేశారు. కొన్ని గంటల్లోనే రోడ్ల మీద అడ్డుకట్టలు వెలిశాయి. అక్కడ కార్డు చూపించమనేవాళ్లు, టుట్సీ అని ఉంటే అక్కడికక్కడే చంపేసేవాళ్లు. ఆర్‌టీఎల్‌ఎం అనే రేడియో మనుషుల పేర్లు చదివి మరీ ఉసిగొల్పింది. ఇంటరహామ్వే అనే హుటు మిలీషియాతో పాటు మామూలు ఇరుగుపొరుగు కూడా కత్తులు పట్టుకున్నారు. టుట్సీలని దాచిపెట్టిన హుటులని, చంపొద్దన్న హుటులని కూడా చంపారు. జులైలో ఆర్‌పీఎఫ్ గెలిచేదాకా సుమారు 100 రోజులు ఇదే. చనిపోయినవాళ్లు ఐక్యరాజ్యసమితి లెక్కలో 8 లక్షలకి పైగా, రువాండా ప్రభుత్వ లెక్కలో 10 లక్షలకి పైగా. ఏప్రిల్ 21న భద్రతా మండలి అక్కడున్న శాంతిసేనని 270 మందికి తగ్గించేయాలని తీర్మానం చేసింది. దక్షిణాన మురాంబీలో, కడుతున్న స్కూల్లో తలదాచుకున్న వేలాది మందిని చంపింది కూడా ఆ రోజునే. గైడ్లు ఈ రెంటినీ పక్కపక్కన పెట్టి చెప్పినప్పుడు గొంతు పెంచరు. వినేవాళ్లకి మాత్రం కాసేపు ఏం మాట్లాడాలో తెలియదు.

మాటల విషయంలో జాగ్రత్త. మన పేపర్లలో అప్పట్లో "తెగల మధ్య ఘర్షణ" అని రాశారు, చాలామందికి అదే గుర్తుంది. ఆ మాట అక్కడ అనకండి. జాబితాలు రాసుకుని, కత్తులు పంచి, రేడియోలో పిలుపిచ్చి ప్రభుత్వమే నడిపించిన హత్యాకాండని రెండు తెగల కొట్లాట అంటే బతికున్నవాళ్లకి అది చెంపదెబ్బ. "రెండు వైపులా చచ్చారట కదా" అన్నా అంతే, పైగా జాతిహననం జరగలేదనడం, తక్కువ చేసి మాట్లాడడం అక్కడ చట్టప్రకారం నేరం. వాళ్లు వాడే పేరు "1994లో టుట్సీలపై జరిగిన జాతిహననం". 2018లో ఐక్యరాజ్యసమితి కూడా ఏప్రిల్ 7 సంస్మరణ దినానికి ఆ పేరే ఖాయం చేసింది. పొడుగ్గా ఉన్నా అలాగే అనండి.

ఇక మనవాళ్లు తప్పకుండా అడిగే ప్రశ్న ఒకటుంది, అది అడగకూడదు. నా మొదటి గ్రూపులో ఒకాయన, మంచివాడే, లోపల ఉబికొచ్చిన ఆసక్తితో అందరి ముందూ గైడ్‌ని "ఇంతకీ మీరు హుటునా, టుట్సీనా?" అని అడిగేశాడు. నాకు నేల చీలి లోపలికి పోతే బాగుండనిపించింది. గైడ్ ఒక్క క్షణం ఆగి, "నేను రువాండా మనిషిని" అని, పక్క గదిలోకి దారితీశాడు. గుర్తింపు కార్డుల మీద ఆ మాటలు తీసేసి చాలా ఏళ్లయింది. ఆ ప్రశ్నకి జవాబు తప్పయినందుకే మనుషుల్ని చంపిన దేశం అది. గైడ్‌నే కాదు, డ్రైవర్‌ని, హోటల్లో పనిచేసేవాళ్లని, ఎవరినీ అడగొద్దు. మొహాలు చూసి, ముక్కులు చూసి మీలో మీరు తెలుగులో ఊహాగానాలు చేసుకోవడం కూడా వద్దు. భాష రాకపోయినా ఎవరి గురించి మాట్లాడుకుంటున్నామో ఎదుటివాళ్లకి తెలిసిపోతుంది.

మరి ఏం అడగొచ్చు? చాలానే. గచాచా కోర్టులు ఎలా నడిచాయని అడగండి. ఊళ్లో చెట్టుకింద గడ్డి మీద కూర్చుని పెద్దలు తీర్పు చెప్పే పాత పద్ధతిని తిరగదోడి, 2012లో మూసేసేలోపు దాదాపు 19 లక్షల కేసులు విచారించారు. చంపినవాడు శిక్ష పూర్తిచేసుకుని అదే ఊరికి, అదే వీధికి తిరిగొచ్చాడు. ఆ తర్వాత ఇరుగూ పొరుగూ ఎలా బతుకుతున్నారని అడగండి. స్కూల్లో పిల్లలకి ఇది ఎలా చెప్తున్నారని అడగండి. ఇవి అడిగితే గైడ్లు సంతోషంగా, చాలాసేపు చెప్తారు. ఆయన సొంత కథ మాత్రం అడగకండి. ఈ స్మారకాల్లో పనిచేసేవాళ్లలో చాలామంది ప్రాణాలతో బయటపడ్డవాళ్లో, వాళ్ల పిల్లలో. చెప్పాలనిపిస్తే వాళ్లే చెప్తారు. "అప్పుడు నాకు తొమ్మిదేళ్లు" అని మొదలైతే ఫోన్ కిందికి దించి వినండి, రికార్డు చేయొద్దు. అయ్యాక "ఎలా తట్టుకున్నారండీ" లాంటివేమీ అక్కర్లేదు. "మురాకోజే" అంటే థాంక్స్, అది చాలు. ఓదార్పు మాట కావాలంటే "మ్విహాంగానే" అంటారు, ఓర్చుకోండి అని. పలకడం సరిగ్గా రాకపోయినా అర్థం చేసుకుంటారు.

ఒక హాలీవుడ్ సినిమా చూసి వచ్చి, అందులో చూపించిన హోటల్ గురించే పదే పదే అడిగేవాళ్లూ ఉంటారు. ఆ హోటల్ ఇప్పటికీ నడుస్తోంది, కావాలంటే వెళ్లి కాఫీ తాగి రండి. కానీ సినిమా కథని అక్కడ బతికి బయటపడ్డవాళ్లలో చాలామంది ఒప్పుకోరు. మెమోరియల్లో ఆ చర్చ పెట్టకండి.

బట్టల గురించి పెద్దగా చెప్పేదేం లేదు. మోకాళ్లు, భుజాలు కప్పే మామూలు బట్టలు, మెత్తటి చెప్పులు. జోకులు రాసున్న టీషర్టులు, మిలిటరీ రంగుల ప్యాంట్లు వద్దు. లోపలికెళ్లేటప్పుడు టోపీ, నల్ల కళ్లద్దాలు తీసెయ్యండి. అంతే.

ఎప్పుడు వెళ్లాలన్నదే చాలామంది పట్టించుకోరు. గొరిల్లాల ట్రెక్కింగ్ ముగిసి, ఒళ్లు హూనమై, షాపింగ్ మిగిలి ఉన్న ఆఖరి రోజు పొద్దున్న గంటన్నర ఇందులోకి ఇరికించే ప్యాకేజీలు బోలెడు. నేనూ మొదట్లో అలాంటి పనే చేశాను. పొద్దున న్యామాటా, మధ్యాహ్నం బఫే భోజనం, సాయంత్రం బుట్టల మార్కెట్. భోజనం బల్ల దగ్గర ఎవరూ చేయి కదపలేదు. ఒకావిడ మార్కెట్‌లో బేరమాడుతూ ఉన్నట్టుండి ఏడ్చేసింది. మీ ఏజెంట్‌తో మాట్లాడి కిగాలీ మెమోరియల్‌ని మొదటి రోజుల్లోనే పెట్టించుకోండి. అది చూశాకే ఆ దేశం మీకు అర్థమవుతుంది. వీధులు అంత శుభ్రంగా ఎందుకుంటాయో, జనం గొంతు పెంచకుండా ఎందుకు మాట్లాడతారో, ఏ ఊరికెళ్లినా ఊదారంగు రిబ్బన్ కట్టిన స్మారకం ఎందుకు కనిపిస్తుందో తెలుస్తుంది. మూడు గంటలు కేటాయించండి, ఆ పూట ఇంకేం పెట్టుకోవద్దు. న్యామాటా వేరే రోజు.

కిగాలీలో మొదట చిన్న వీడియో చూపిస్తారు, బతికి బయటపడ్డవాళ్లు మాట్లాడేది. తర్వాత సమాధులు. పెద్ద పెద్ద కాంక్రీటు పలకలు, చూడ్డానికి అరుగుల్లా ఉంటాయి, ఎండలో అలిసిపోయి వాటి మీద కూర్చునేవాళ్లని నేను కనీసం పదిసార్లు లేపాను. వాటి కింద వేలమంది ఉన్నారు. కూర్చోవద్దు, బ్యాగులు పెట్టొద్దు, ఆనుకోవద్దు. పూలు పెట్టాలనుకుంటే గ్రూపంతా కలిసి ఒక గుత్తి పెట్టండి, ఒక నిమిషం మౌనంగా నిలబడండి. మన పద్ధతిలో అగరొత్తులు, కొబ్బరికాయ అవసరం లేదు. లోపల చరిత్ర వరసగా మూడు భాగాల్లో ఉంటుంది: ముందు, ఆ వంద రోజులు, తర్వాత. మధ్యలో ఒక గది నిండా కుటుంబాలు తెచ్చిచ్చిన ఫొటోలు తీగలకి వేలాడుతుంటాయి. పెళ్లి ఫొటోలు, బడి ఫొటోలు, నవ్వుతున్నవాళ్లు. చాలామందికి మిగిలింది ఆ ఒక్క ఫొటోనే. నాకు ఎముకల గది కన్నా ఆ గదే కష్టం. పై అంతస్తులో నమీబియాలో హెరెరోలు, అర్మేనియన్లు, యూదులు, కంబోడియా, బోస్నియాల గురించి కూడా ఉంది. అక్కడికొచ్చేసరికి గ్రూపుల్లో ఒకరు "మన దగ్గర మాత్రం తక్కువా" అని పోలికలు మొదలుపెడతారు. ఆ చర్చ హోటల్‌కి వెళ్లాక పెట్టుకోవచ్చు.

న్యామాటా కిగాలీకి దక్షిణాన ముప్పై కిలోమీటర్లకి కాస్త ఎక్కువ, గంట లోపు ప్రయాణం. 2023లో యునెస్కో ప్రపంచ వారసత్వ జాబితాలోకి ఎక్కిన నాలుగు స్మారకాల్లో ఇదొకటి, మిగతావి గిసోజీ, మురాంబీ, బిసెసెరో. బయటినుంచి మామూలు ఇటుక చర్చి. అంతకుముందు గొడవల్లో చర్చిలోకి పారిపోయినవాళ్లు బతికారు కాబట్టి 1994లోనూ వేలమంది అక్కడికే వచ్చి తలుపులేసుకున్నారు. చంపడానికి వచ్చినవాళ్లు గ్రెనేడ్లతో తలుపు పగలగొట్టి లోపలికొచ్చారు. రేకుల పైకప్పు నిండా చిల్లులు, వాటిలోంచి ఎండ చుక్కలు చుక్కలుగా పడుతుంది. బల్లల మీద చనిపోయినవాళ్ల బట్టలు గుట్టలుగా పరిచి ఉంచారు. మట్టిరంగులోకి మారిపోయినా దగ్గరికెళ్తే పూల గౌను, పిల్లాడి చొక్కా తెలుస్తాయి. బలిపీఠం మీద గుడ్డకి మరకలు. కిందికి దిగితే పుర్రెలు, ఎముకలు. చర్చి వెనక నేలమాళిగల్లో నలభై అయిదు వేల మందికి పైగా ఉన్నారు. మెట్లు ఇరుకు, లోపల చీకటి. ఊపిరాడని ఇబ్బంది ఉన్నవాళ్లు పైనే ఉండండి, దిగకపోతే తప్పేం లేదు. అన్నీ చూస్తేనే గౌరవం ఇచ్చినట్టు కాదు.

బయట ఒక సమాధి ఉంటుంది, హడావుడిలో చాలామంది చూడకుండానే బస్సెక్కేస్తారు. ఆంటోనియా లోకాటెల్లీ అనే ఇటలీ ఆవిడది. 1992 మార్చిలో ఆ ప్రాంతంలో టుట్సీలని చంపుతుంటే విదేశీ రేడియోలకి ఫోన్ చేసి చెప్పింది, అందుకని ఆమెనీ కాల్చేశారు. రెండేళ్ల ముందే. ప్రపంచానికి ముందే తెలుసా అని గైడ్‌ని అడగాలనుకునేవాళ్లకి జవాబు అక్కడుంది.

ఎంటరామా చర్చి కూడా ఆ దగ్గర్లోనే, చిన్నది. ప్యాకేజీలో లేకపోయినా కొందరు డ్రైవర్లు తీసుకెళ్తామంటారు. ఒకే రోజు రెండూ వద్దు. మురాంబీ మాటకొస్తే, అక్కడ సున్నం పూసి భద్రపరిచిన శరీరాలనే గదుల్లో ఉంచారు, చనిపోయిన భంగిమల్లోనే. ఎవరైనా "అదీ చూడాల్సిందే" అంటే ఎందుకో ఒకసారి ఆలోచించుకోమనండి. నేను తొమ్మిదేళ్లలో ఒక్కసారే వెళ్లాను.

ఎముకల్ని ఎందుకలా బయట పెట్టారు, దహనమో ఖననమో చేయొచ్చుగా అని మనవాళ్లకి తప్పకుండా అనిపిస్తుంది. మన దగ్గర అస్థికల్ని నీళ్లలో కలిపేస్తాం, అలా అద్దాల వెనక ఉంచడం మనసుకి పట్టదు. రువాండాలోనూ దీని మీద ఏకాభిప్రాయం లేదు. గౌరవంగా పూడ్చేయాలనేవాళ్లున్నారు, అసలు జరగనే లేదని రేపెవరైనా అంటే చూపించడానికి ఉండాలనేవాళ్లున్నారు. నాకు రెండో వాదన మొదట్లో ఎక్కలేదు. ఒకసారి గ్రూపులో ఒక యూరప్ ప్రయాణికుడు లెక్కలు పెంచి చెప్తున్నారేమో అని గొణిగినప్పుడు గైడ్ ఏమీ అనకుండా అతన్ని నేలమాళిగ మెట్ల దగ్గరికి తీసుకెళ్లింది. ఆ రోజు ఎక్కింది.

ఫొటోలు. భవనాల లోపల తీయకూడదు. ప్రత్యేకంగా అనుమతి తీసుకున్నవాళ్లు తప్ప. బయట తోటలో, పేర్ల గోడ దగ్గర తీసుకోవచ్చు, కానీ మీ మొహం అందులో లేకుండా తీయండి. చేయి పైకెత్తి సెల్ఫీ, వరసగా నిలబడి గ్రూప్ ఫొటో, రీల్, ఇంట్లోవాళ్లకి వాట్సాప్ వీడియో కాల్ చేసి "ఇదిగో చూడండి" అనడం, ఇవేవీ వద్దు. వీడియో కాల్ అతి అనుకోకండి, సమాధుల దగ్గరే చూశాను. పూలు పెట్టడానికి వచ్చిన స్థానికుల్ని దూరంనుంచి జూమ్ చేయడం అన్నిటికన్నా పెద్ద తప్పు. ఇది రువాండాలోనే కాదు. ఆష్విట్జ్‌లో రైలు పట్టాల మీద చేతులు చాచి బ్యాలెన్స్ చేస్తూ ఫొటోలు దిగొద్దని 2019లో ఆ మ్యూజియమే బహిరంగంగా అడగాల్సొచ్చింది. కంబోడియాలో టూల్ స్లెంగ్ జైల్లో నవ్వే మొహం మీద అడ్డగీత గీసిన బోర్డులున్నాయి. బోర్డు పెట్టారంటే దాని వెనక ఎంతమంది నవ్వి ఉంటారో.

నవ్వు మాట వచ్చింది కాబట్టి, కొందరికి, ముఖ్యంగా కాలేజీ వయసు పిల్లలకి, టెన్షన్‌లో నవ్వొస్తుంది. అది అహంకారం కాదు, శరీరం అలా తప్పించుకుంటుంది. తిట్టకండి, భుజం మీద చేయి వేసి బయటికి తీసుకెళ్లండి.

ఏడుపు సంగతి ఇంకా కష్టం. మొదటిసారి న్యామాటాలో నేను వెక్కి వెక్కి ఏడ్చాను. గైడ్ చెప్పడం ఆపి, నీళ్లు తెచ్చిచ్చి, నా వీపు నిమిరి, "పర్లేదు, పర్లేదు" అంది. హోటల్‌కి వచ్చాక తట్టింది: ఆ చర్చిలో ఆవిడకి ఎవరెవరు పోయారో నాకు తెలియదు, అయినా నన్ను ఆవిడే ఓదార్చింది. కన్నీళ్లొస్తే రానివ్వండి, ఆపుకోమనడం లేదు. ఆగేలా లేకపోతే బయటికి వచ్చేయండి, మీ గ్రూపులోనివాళ్లే ఎవరో ఒకరు మీతో ఉండాలి. గైడ్‌కి ఆ పని పెట్టకండి. ఇంట్లో ఈమధ్యే ఎవరైనా పోయినవాళ్లు, డిప్రెషన్‌కి మందులు వాడుతున్నవాళ్లు గ్రూపులో ఉంటే ముందే మాట్లాడి, రాకపోయినా ఫర్వాలేదని చెప్పండి. రానివాళ్లని పిరికివాళ్లన్నట్టు చూడకుండా ఉండటం మిగతా పదముగ్గురి బాధ్యత.

డ్రైవర్ గురించి ఎవరూ చెప్పరు, నేను చెప్తాను. నాకు తరచూ వచ్చే డ్రైవర్ ఒకాయన ఎప్పుడూ లోపలికి రాడు. బండిని చర్చి వైపు వీపు పెట్టి ఆపి, సీట్లోనే కూర్చునేవాడు. రెండేళ్లు నేను అదో అలవాటు అనుకున్నాను. ఒకసారి గ్రూపులో ఎవరో "రండి, మీరూ చూడండి" అని చేయి పట్టి లాగారు. ఆయన నవ్వి వద్దన్నాడు. తిరుగు దారిలో నాతో మాత్రం, అక్క ఇక్కడే ఉందమ్మా అన్నాడు. మీ డ్రైవర్ రానంటే వదిలేయండి. బస్సెక్కగానే పాటలు పెట్టమనకండి, అంత్యాక్షరి మొదలుపెట్టకండి. ఆ గంట ప్రయాణం కిటికీలోంచి బయటికి చూడ్డానికి సరిపోతుంది.

బయటికొచ్చేచోట సందర్శకుల పుస్తకం ఉంటుంది. "చాలా బాగుంది", "మంచి నిర్వహణ" అని రాసినవి తెలుగులో కూడా చూశాను. ఏం రాయాలో తోచకపోతే పేరు, ఊరు, తేదీ రాయండి. తెలుగులో రాయొచ్చు. విరాళం పెట్టె ఉంటుంది, ప్రవేశం ఉచితమే కాబట్టి తోచినంత వేయండి. గైడ్ మాట్లాడుతుండగా చేతిలో నోటు పెట్టడం వద్దు, ఇవ్వాలనిపిస్తే కౌంటర్‌లో అడగండి.

ఇప్పుడు మీ తేదీలు. ఏప్రిల్ 7 మీ టూర్ చివర్లో పడుతోంది. ఆ రోజు సంస్మరణ మొదలవుతుంది, వాళ్ల భాషలో క్విబుకా, గుర్తుచేసుకోవడం అని. గిసోజీలో జ్యోతి వెలిగిస్తారు, అది వంద రోజులు వెలుగుతుంది. ఏప్రిల్ 13 దాకా శోకవారం. బార్లలో పాటలుండవు, పెళ్లిళ్లుండవు, మధ్యాహ్నాలు చాలా షాపులు మూసి ఉంటాయి. ఆ రోజు మెమోరియల్ పెట్టుకోకండి, అది వాళ్ల రోజు. రాత్రి హోటల్లో వీడ్కోలు పార్టీ అనుకుని ఉంటే 5వ తేదీకి జరపండి. ఆ రోజుల్లో ఎక్కడైనా సభ జరుగుతుంటే ఉన్నట్టుండి ఎవరో కేకలు పెట్టి పడిపోవడం చూడొచ్చు. దానికి వాళ్ల దగ్గర ఇహహాముకా అనే పేరుంది, ఊపిరి తెగిపోయేంత భయం తిరిగిరావడం. చూసుకోవడానికి మనుషులుంటారు, మీరు చూపు తిప్పుకుని దారివ్వండి.

రెండో రోజు, 28, నెలలో ఆఖరి శనివారం. ఆ పొద్దున్న దేశమంతా ఉముగాండా, అంటే అందరూ రోడ్డు మీదికొచ్చి ఊరి పని చేసే రోజు. రోడ్ల మీద బళ్లు తిరగవు, షాపులు తెరవరు, మెమోరియల్ కూడా మధ్యాహ్నం నుంచే. మీ ఏజెంట్ శనివారం పొద్దున తొమ్మిదికి అని వేసి ఉంటే ఇప్పుడే ఫోన్ చేసి ఆదివారానికి మార్పించండి.